కాదనకపోతే వచ్చినట్టే

జూన్ 3

తమ్ముడికి,

కుడి భుజం తప్ప మిగతా నేనంతా కులాసా. మీరు నలుగురూ బాగున్నారనుకుంటాను.

ఇకమీదట ఫోన్లు వద్దు, ఉత్తరాలు రాసుకుందాం అన్నది కోపంతో కాదు. ఫోన్‌లో నువ్వు ఉపన్యాసం అందుకుంటావు. నేను స్టవ్ మీద ఓ కన్నేసి "ఊఁ, ఊఁ" అంటుంటాను. ఆ ఊఁలన్నీ నేను ఒప్పుకున్నట్టే అనుకుంటావు. కాగితం మీద ఊఁ కొట్టడం కుదరదు కదా, అందుకని.

"నీ కోసం నువ్వు ఒక్క పనైనా చెయ్యి, ఏదైనా ఆట నేర్చుకో" అని రెండేళ్ళుగా నా ప్రాణం తీశావు. నేర్చుకుంటున్నాను. పడవ పందేలు. నవ్వకు. మా వర్క్‌షాప్‌కి రెండు వీధుల అవతల రిజర్వాయరుంది. ఆ గట్టు మీది క్లబ్బువాళ్ళు యూనిఫారాలు కుట్టించుకోవడానికి వచ్చారు. కొలతలు తీస్తుంటే వాళ్ళ పడవకి చుక్కాని పట్టే ఆవిడ నా మణికట్టు పట్టుకుని చూసి, "రోజంతా కత్తెర పట్టే చెయ్యి కదూ? మా పడవలో ఒక సీటు ఖాళీ. రేపు పొద్దున ఆరింటికి రండి" అంది. కాదనలేదు. మర్నాడు ఆరింటికి గట్టు మీదున్నాను. అంతే, చేరిపోయాను.

పడవంటే నువ్వనుకునేది కాదు. సన్నగా పొడుగ్గా, ఒక మనిషి నడుము పట్టేంత ఇరుకు. నలుగురం ఒకరి వెనక ఒకరం, తలా ఒక తెడ్డు. పడవ వెళ్ళే దిక్కుకి మా వీపులుంటాయి. చివర్న మాకు ఎదురుగా కూర్చుని దారి చూసేది చుక్కాని ఆవిడ ఒక్కతే. పాతికేళ్ళు బస్సు కండక్టరుగా చేసి రిటైరైంది, ఆ గొంతుకి మైకు అక్కర్లేదు. ఒకటో సీట్లో పోస్టాఫీసావిడ, రెండోది నాది, మూడో సీట్లో లెక్కల టీచరు, నాలుగో సీట్లో పళ్ళ డాక్టరు. అందరం నలభై ఐదు దాటినవాళ్ళమే. సెప్టెంబరు చివర్లో పోటీలట.

మొదటి రోజే నా తెడ్డు నీళ్ళలో ఇరుక్కుని, పిడి వెనక్కొచ్చి పొట్టలో పొడిచింది. పిల్లలకి చెప్పు, నవ్వుకుంటారు.

అక్క

—

జూన్ 11

అక్కా,

నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. "కాదనలేదు. అంతే, చేరిపోయాను" అన్నావు చూడు, అక్కడ ఆగిపోయాను. స్వేచ్ఛ మీద నేను రాస్తున్న పుస్తకంలో మూడో అధ్యాయమంతా దాని మీదే. మనిషి "నేనింతే, నా స్వభావమింతే" అంటాడు. అది దొంగ సాకు. నువ్వు బల్లవి కాదు, కుర్చీవి కాదు, ఎవరో పెట్టిన చోట ఉండిపోవడానికి. నిజాయితీగా బతకడమంటే మంచిగా బతకడం కాదక్కా. తాను ఎంచుకున్నది తానే ఎంచుకున్నానని ఒప్పుకోవడం. ఎంచుకోకుండా ఊరుకోవడం కూడా ఎంచుకోవడమే, కాకపోతే దొంగచాటుగా. ఈ వాక్యం ఎలా ఉందో చెప్పు. పుస్తకంలో పెడుతున్నాను.

కాలేజీవాళ్ళు సెప్టెంబరు నుంచి ఆర్నెల్లు సెలవిచ్చారు. పాఠాలు లేవు, మీటింగులు లేవు. పుస్తకం పూర్తి చెయ్యడానికే. పదిహేనేళ్ళ కల.

అన్నట్టు, నీ మరదలికి రైల్వే సిగ్నళ్ళ కొత్త శిక్షణకి పిలుపొచ్చింది. అదీ సెప్టెంబరు నుంచే, ఆర్నెల్లే. దూరం కాబట్టి అక్కడే ఉండాలి. ఏడేళ్ళ నుంచి అడుగుతోంది, ఇప్పటికి వరసలో దాని వంతు వచ్చింది. నువ్వొచ్చి ఉంటే పిల్లలకి బాగుంటుంది, నీకూ మార్పుగా ఉంటుంది.

భుజానికి కాపడం పెట్టుకో. పడవ వదలకు.

తమ్ముడు

—

జూన్ 24

తమ్ముడికి,

నీ వాక్యం బాగుంది. నా పడవ బాగోలేదు.

నాకు విసుగ్గా ఉంది. మూడు వారాలైంది, నా వల్ల రోజూ బయల్దేరడం ఆలస్యమవుతోంది. ఎందుకో చెబితే నీకు వింతగా ఉంటుంది. తెడ్లు వేసే ముందు చుక్కాని ఆవిడ "చెప్పండి!" అని అరుస్తుంది. ఒకటో సీటు నుంచి వరసగా ఎవరి నంబరు వాళ్ళు గట్టిగా చెప్పాలి. అంటే నేను సిద్ధం అని. "ఒకటి!" అంటుంది పోస్టాఫీసావిడ. తర్వాత నాది. కూర్చునే ఉన్నాను, పాదాలు పట్టీల్లో బిగించుకున్నాను, తెడ్డు చేతిలో ఉంది. ఇంకేం కావాలి? నోరు పెగలదు.

"రెండో సీటు దిగిపోయిందా?" అంటుంది.

"ఉన్నానండీ, కనబడటం లేదా?"

"నాకు కనబడేది డాక్టరమ్మ మొహం ఒక్కటే. వెనక మీరున్నారో నీళ్ళలో ఉన్నారో నాకెలా తెలుస్తుంది? నోటితో చెప్పాలి."

"పర్లేదు, పోనివ్వండి" అన్నాను ఓ రోజు. ఇక చూడు. "పోనివ్వడానికి ఇది బస్సు కాదమ్మా! నా బస్సులో ప్యాసింజర్లు నోరెత్తకపోయినా బండి కదిలేది. ఇక్కడ ప్యాసింజర్లు లేరు!" గట్టు మీద వాకింగ్ చేస్తున్నవాళ్ళంతా ఆగి చూశారు. సిగ్గుతో చచ్చాను.

ఇంకో గొడవ. నా తెడ్డు అందరికంటే రెప్పపాటు ఆలస్యంగా పడుతుందట. అందరూ వేశారో లేదో చూసుకుని అప్పుడు వేస్తున్నానట. నిజమే. ఇంట్లో అందరూ తిన్నారో లేదో చూసుకుని కూర్చునే అలవాటు చేతుల్లోకి కూడా దిగినట్టుంది. మా వర్క్‌షాప్‌లో నలభై పొరల బట్ట ఒక్కసారి కోస్తాను, చెయ్యి ఆగదు. ఇక్కడ నీళ్ళు కొయ్యడానికి మిగతావాళ్ళ కోసం ఆగుతోంది. మానేద్దామా అనిపిస్తోంది. మానేస్తానని చెప్పడానికీ నోరు పెగలడం లేదు, అదీ నా ఖర్మ.

పెద్దదానికి స్కూలు మారిందన్నారు, అలవాటు పడిందా? చిన్నది ఇంకా బొటనవేలు నోట్లో పెట్టుకుంటోందా?

అక్క

—

జూలై 6

అక్కా,

గుండెల మీంచి బండ దిగింది. వస్తున్నందుకు నీకు కృతజ్ఞతలు ఎలా చెప్పాలో తెలియడం లేదు. నీ మరదలు ఉత్తరం తిరగేసి మరగేసి చూసి, "వస్తానని ఎక్కడ రాశారు?" అంది. దానికి మనింటి సంగతి తెలియదు. "మా అక్క వస్తానని ఎప్పుడూ చెప్పదు. కాదనకపోతే వచ్చినట్టే. ఆ రోజుకి పెట్టెతో గుమ్మంలో ఉంటుంది" అన్నాను. అయినా నమ్మకం లేక వారం రోజులు నసిగింది. ఆఖరికి ఒప్పుకుని, వాళ్ళ ఆఫీసులో వెళ్తున్నానని చెప్పేసింది. పిల్లలు గోడ మీద గీతలు గీసి రోజులు లెక్కపెడుతున్నారు. తూర్పు గదిలో నా పుస్తకాలన్నీ ఎత్తి నీకు మంచం వేయించాను.

నీ పడవని నాలుగో అధ్యాయంలో పెట్టాను, ఏమీ అనుకోవుగా. ఒక స్త్రీ యాభై దాటాక ఇల్లూ బంధాలూ గట్టు మీద వదిలి, స్వేచ్ఛగా నీటి మీద సాగిపోతుంది. అద్భుతంగా వచ్చింది.

నంబరు చెప్పడానికి అంత సంకోచమేమిటి? నువ్వు ఉన్నావని నువ్వే ప్రకటించుకోవాలి. గుండె నిండా ఊపిరి తీసుకుని ప్రయత్నించు.

తమ్ముడు

—

జూలై 17

తమ్ముడూ,

ఈ ఉత్తరం మొదలుపెట్టడం ఇది నాలుగోసారి. మొదటిసారి భుజం నొప్పి తగ్గలేదని రాశాను. రెండోసారి వర్క్‌షాప్‌లో సెలవు దొరకదని రాశాను. మూడోసారి నా వంట పిల్లలకి నచ్చదేమో అన్నాను. మూడూ అబద్ధాలే. చింపేశాను.

నేను రాను.

నువ్వు జూన్‌లో అడిగింది చదివాను. జవాబు రాయకుండా పడవ గోల రాశాను. తప్పు నాదే. నువ్వేమనుకుంటావో నాకు తెలుసు, తెలిసీ ఊరుకున్నాను. నా పద్ధతే అంత కదా. నాన్న మంచాన పడితే రమ్మని నన్నెవరూ అడగలేదు, నేనూ వస్తాననలేదు. ఉద్యోగం వదిలి పెట్టెతో వచ్చేశాను. అమ్మ పోయాక నిన్ను చదివించింది కూడా అలాగే. నాకొచ్చిన ఆ పెళ్ళి సంబంధం వాళ్ళు మూడేళ్ళు ఎదురుచూశారు. నేను కాదనలేదు, ఔననలేదు. వాళ్ళే విసిగిపోయి వేరే పిల్లని చూసుకున్నారు. అందరూ నన్ను త్యాగమూర్తి అన్నారు. త్యాగమూ లేదు, మన్నూ లేదు. ఒకటి వదులుకోవాలంటే ముందు దాన్ని చేత్తో పట్టుకోవాలి. నేను ఏదీ పట్టుకోలేదు.

నిన్ను పెంచినందుకు నాకు విచారం లేదురా. పెంచుతానని ఒక్కసారైనా నోటితో అని ఉంటే బాగుండేది. అప్పుడది నా పని అయ్యేది. ఇప్పుడది నాకు జరిగిన విషయంలా ఉంది.

మొన్న బుధవారం నంబరు చెప్పాను. ఊపిరి గీపిరి ఏం కాదు, చుక్కాని ఆవిడ మీద ఒళ్ళు మండి అరిచాను. నా గొంతు నాకే కొత్తగా వినపడి జడుసుకున్నాను. ఆవిడ మెచ్చుకోలేదు, నవ్వలేదు, వెంటనే "మూడు ఏదీ?" అంది. పడవ కదిలింది. నేను పోతే ఇంకొకరిని తెచ్చుకుంటారు, ఆ మాత్రం నాకు తెలుసు. కానీ వాళ్ళు అడిగారు, నేను చెప్పాను. పోటీ అయ్యేదాకా నేను ఆ సీట్లో ఉంటాను.

నీ నాలుగో అధ్యాయం తప్పు. నీటి మీద స్వేచ్ఛగా సాగిపోవడం ఎక్కడుంది? నలుగురం ఒకే రెప్పపాటులో తెడ్డు వెయ్యాలి. ఒకరికి తుమ్మొచ్చినా పడవ ఒరుగుతుంది. ఇంత కట్టుబాటు నాకు నాన్న ఇంట్లో కూడా లేదు. కాకపోతే దీనికి నేను ఔనన్నాను.

పిల్లలకి ఎలా చెప్పాలో నాకు తెలియడం లేదు. గోడ మీది గీతలు తలుచుకుంటే గుండె పిండినట్టుంది.

అక్క

—

జూలై 25

అక్కా,

అందింది.

నేను నిన్ను స్వార్థం నేర్చుకోమనలేదు. పదిహేనేళ్ళు చదివి నీకు నాలుగు మాటలు చెబితే, అవే తిప్పి నా మొహాన కొట్టావు. ఎవరైనా పరాయివాళ్ళయితే పోనీ అనుకునేవాణ్ణి.

నలుగురు ఆడవాళ్ళు పొద్దున్నే నీళ్ళలో తెడ్లాడించడం కోసం నీ మరదలు ఏడేళ్ళు ఎదురుచూసిన శిక్షణ పోగొట్టుకోవాలి. ఆఫీసువాళ్ళ ఫారంలో ఒక గడి ఉంది, "శిక్షణ కాలంలో పిల్లల బాధ్యత ఎవరిది" అని. అక్కడ నీ పేరు రాసిపెట్టాను. కొట్టేశాను. ఇప్పుడా గడి ఖాళీ. ఆగస్టు పదో తారీకు నాలుగు గంటల లోపల ఇవ్వకపోతే సీటు వెనకున్నవాళ్ళకి పోతుంది. పోతే మళ్ళీ ఏడేళ్ళు. నీకు సంతోషమేనా?

నా సెలవు సంగతి నువ్వెలాగూ అడగవు కాబట్టి చెబుతున్నాను. పుస్తకం ఇప్పుడు కాకపోతే ఇంకెప్పటికీ కాదు.

తమ్ముడు

—

ఆగస్టు 2

తమ్ముడూ,

గడి ఖాళీగా ఉందని రాశావు. ఆ ముక్క పట్టుకుని రెండు రోజులుగా ఇంట్లో తిరుగుతున్నాను. నా పేరు కొట్టేశావు, సరే. పక్కన నీ పేరు రాయడానికి ఏమొచ్చిందిరా నీకు?

పిల్లల తండ్రివి. ఆర్నెల్ల సెలవు నీ చేతిలో ఉంది. పెన్నూ నీ చేతిలోనే ఉంది. అయినా ఆ గడిలో నువ్వు పట్టవు. దాన్ని అలా ఖాళీగా వదిలేస్తే తప్పు నాదవుతుంది, పుస్తకం నీదవుతుంది, మరదలి ఏడేళ్ళు ఎవరివీ కాకుండా పోతాయి. ఎంత బాగా కుదిరిందో! ఎంచుకోకుండా ఊరుకోవడం కూడా ఎంచుకోవడమే, కాకపోతే దొంగచాటుగా. నీ వాక్యమే. ఎలా ఉందో చెప్పమన్నావు, ఇప్పుడు మళ్ళీ చెబుతున్నాను, చాలా బాగుంది.

నాకు కోపంగా ఉంది. ఏడుపూ వస్తోంది. ఏది ముందో నాకే తెలియడం లేదు. నీ మీద ఇలా రాయడం నా జన్మలో మొదటిసారి. బీరువా నిండా నీ పాత ప్రోగ్రెస్ కార్డులున్నాయి. ఒక్కదాని మీద కూడా నాన్న సంతకం లేదు, అన్నీ నావే.

పదో తారీకు దగ్గర పడుతోంది. ఉపన్యాసం తర్వాత రాసుకో.

అక్క

—

ఆగస్టు 14

అక్కా,

జరిగింది జరిగినట్టు రాస్తున్నాను. దీంట్లోంచి నీతి తియ్యకు.

పదో తారీకు పొద్దున నీ మరదలు డ్యూటీకి వెళ్తూ బల్ల మీద ఫారం చూసింది. అంతవరకూ దానికి నీ సంగతి చెప్పలేదు. నువ్వు మనసు మార్చుకుంటావేమో అనుకున్నాను. "మీ అక్క రానన్నారా?" అంది. ఔనన్నాను. "అయితే?" అంది. స్వేచ్ఛ మీద నూట నలభై పేజీలు రాసినవాణ్ణి, ఆ "అయితే" వినగానే బల్ల మీది కాగితాలు సర్దడం మొదలుపెట్టాను. అది నాతో పోట్లాడలేదు. పెన్ను తెచ్చి ఫారం మీద పెట్టి, టూల్ బ్యాగ్ భుజాన వేసుకుని వెళ్ళిపోయింది.

మధ్యాహ్నం ఆఫీసుకి తీసుకెళ్ళాను. కిటికీ దగ్గర గుమాస్తా ఫారం చూసి, "ఈ గడి ఖాళీగా ఉందేంటండీ?" అన్నాడు.

"దాని గురించి కొంచెం ఆలోచించాలి."

"ఆలోచించేవాళ్ళకి అదిగో బెంచీ. నాలుగింటికి మూసేస్తాం."

బెంచీ మీద గంటన్నర కూర్చున్నాను. ఎన్ని ఉపాయాలు తట్టాయో చెబితే నీకు నా మీద ఉన్న కాస్త గౌరవమూ పోతుంది. పక్కింటావిడ పేరు రాద్దామా అనుకున్నాను. నీ మరదలికి ఆరోగ్యం బాగోలేదని వాయిదా అడుగుదామా అనుకున్నాను. నాలుగు గంటలకి పది నిమిషాలు ముందు కిటికీ తలుపు సగం మూశాడు. లేచి నా పేరు రాశాను.

గొప్పగా ఏమీ అనిపించలేదు. పన్ను పీకించుకున్నట్టుంది. బయటికొచ్చి మెట్ల మీద నిలబడి నిన్ను తిట్టుకున్నాను. ఇప్పటికీ తిడుతున్నాను.

తమ్ముడు

—

సెప్టెంబరు 29

తమ్ముడికి,

పోటీ నిన్న అయింది. ఆరు పడవల్లో ఐదో స్థానం. సగం దూరంలో తెడ్డు ఇరుక్కుంది. నాది కాదు, పళ్ళ డాక్టరుది! నాలుగు నెలలుగా నాకు పాఠాలు చెప్పిన మనిషి. పడవ అడ్డం తిరిగి ఆగిపోయింది. చుక్కాని ఆవిడ తిట్టిన తిట్లు అవతలి గట్టు దాకా వినపడ్డాయట. ఆరో పడవవాళ్ళు దారి తప్పి వేరే వరసలోకి వెళ్ళారు కాబట్టి ఐదు, లేకపోతే ఆఖరు మేమే. చేతులు బొబ్బలెక్కి కత్తెర పట్టలేకపోతున్నాను. దీనికోసమా నేను తమ్ముడితో తగువు పెట్టుకున్నది అని ఒడ్డున కూర్చుని ఏడ్చాను. టీచరు నా వీపు నిమిరి, వచ్చే ఏడాదికి ఉంటావా అని అడిగింది. ఉంటానన్నాను. అదేం బుద్ధో.

మరదలు వెళ్ళి నెలైంది. నీ దగ్గర్నించి ఒక్క ముక్క లేదు. చిన్నదానికి జ్వరమొచ్చి తగ్గిందని, పెద్దది నీతో మాట్లాడటం మానేసిందని మరదలు అక్కడి నుంచి కార్డు రాసింది. నిన్నటి నుంచి అదే ఆలోచన. పోటీ అయిపోయింది, నా మాట చెల్లించాను. కాబట్టి ఈసారి ఊరుకోవడం కాదు, స్పష్టంగా చెబుతున్నాను. వస్తాను. పదిహేను రోజుల్లో బయల్దేరి, మరదలు వచ్చేదాకా ఉంటాను. నువ్వు గది తలుపేసుకుని పుస్తకం రాసుకో. ఎవరూ అడగకుండా, ఎవరికీ జడవకుండా నేనే అంటున్నాను.

అక్క

—

అక్టోబరు 8

అక్కా,

రావద్దు.

పౌరుషంతో రాయడం లేదు. ఇల్లు చూస్తే నీకే తెలుస్తుంది, పౌరుషానికి చోటు లేదు. ఇద్దరి తలల్లోనూ పేలు. పెద్దదాని జడ వెయ్యడం రాక పోయిన నెల కత్తిరించాను, అందుకే మాట్లాడటం మానేసింది. చిన్నది జ్వరంలో నా చొక్కా మీద వాంతి చేసుకుని, "అమ్మయితే గిన్నె పట్టేది" అంది. పుస్తకం తీసి నెలైంది. ఈ ఉత్తరం రాయడానికి మూడు రోజులు పట్టింది. రోజూ సాయంత్రం నాలుగింటికి నాకు ఎక్కడికైనా పారిపోవాలనిపిస్తుంది. నిజంగా, చెప్పులేసుకుని గేటు దాకా వెళ్తాను కూడా.

వస్తానని నువ్వు రాసిన ముక్క పిల్లలకి చూపించలేదు. చూపించాలని ఎంత కోరికగా ఉందో. కానీ నువ్వొస్తే మర్నాటికల్లా నేను నా గదిలో ఉంటాను. నెమ్మదిగా గిన్నెలూ, పేలూ, జ్వరాలూ అన్నీ నీవవుతాయి. నేను బయటికొచ్చి నీకు బాధ్యత గురించి పాఠం చెబుతాను. నన్ను నేనెరుగుదును అక్కా. నీకు రానని చెప్పడం ఎంత కష్టమైందో నాకు రావద్దని రాయడం అంతకంటే కష్టంగా ఉంది. ఇంకో రెండు రోజులు ఆగితే రాయలేను, అందుకే ఇప్పుడే డబ్బాలో వేస్తున్నాను.

రాస్తుంటే చిన్నది వచ్చి బల్ల పట్టుకుని నిలబడింది.

"అత్తకా?"

"ఊఁ."

"అత్త వస్తోందా?"

"లేదు."

"మరి అమ్మ వచ్చేదాకా ఎవరు?"

"నేనే."

పేల దువ్వెన నా చేతికిచ్చి, వెనక్కి తిరిగి కూర్చుంది.

"రోజూనా?" అంది.

"రోజూ" అన్నాను.

తమ్ముడు